పాట వెనక మంద, పక్షి వెనక చెరువు: నెల్లూరు, ప్రకాశం జిల్లాల్లో డాక్యుమెంటరీ తీయడం

నెల్లూరు, ప్రకాశం జిల్లాల మీద వీడియోలకు కొదవ లేదు. పులికాట్‌లో బారులు తీరిన రాజహంసలు (ఫ్లెమింగోలు), భైరవకోన గుహలు, ఉదయగిరి కోట, స్వర్ణాల చెరువులో రొట్టెల పండుగ జనం, అన్నీ ఫోన్‌లోనే దొరుకుతాయి. చాలావరకు కంటికి ఇంపుగానే ఉంటాయి. చూడటం అయ్యాక మాత్రం అసలు ప్రశ్నలు అలాగే ఉండిపోతాయి. ఈ కథాగానం ఈ మెట్టల్లో ఎందుకు నిలిచింది? ఈ చెక్క చెంచాలకు ఈ ఊరే ఎందుకు పేరు తెచ్చుకుంది? ఇన్ని చెరువులుండగా గూడబాతు (పెలికాన్) నేలపట్టుకే ఎందుకు వస్తోంది? సంప్రదాయం ఒక ఎపిసోడ్, కళాకారుడు ఇంకో ఎపిసోడ్, ప్రకృతి మరో ఎపిసోడ్ అని విడివిడిగా తీసినంత కాలం వీటికి జవాబు రాదు. ఈ ప్రాంతంలో ఆ మూడూ ఒకదాన్నొకటి ఆనుకుని బతుకుతున్నాయి. డాక్యుమెంటరీ తీసేవాళ్లు కెమెరా పెట్టాల్సింది సరిగ్గా అవి ఆనుకున్న చోటే.

ముందు హద్దుల సంగతి. 1970 ఫిబ్రవరి 2న నెల్లూరు, గుంటూరు, కర్నూలు జిల్లాల నుంచి కొన్ని ప్రాంతాలు విడదీసి ఒంగోలు జిల్లా ఏర్పాటు చేశారు. 1972లో దానికి ప్రకాశం పేరు పెట్టారు. 2022లో జరిగిన పునర్విభజనలో సూళ్లూరుపేట, వెంకటగిరి తిరుపతి జిల్లాలోకి వెళ్లాయి. పాటలకూ పక్షులకూ ఈ గీతలతో పని లేదు కాబట్టి ఇక్కడ పాత జిల్లాల లెక్కనే మాట్లాడుకుందాం.

ఈ ప్రాంతం నుంచి ఒక్క కథను ఎంచుకోమంటే కాటమరాజు కథను ఎంచుకోవాలి. 13వ శతాబ్దం నాటి సంగతిగా చెప్పుకునే ఈ వీరగాథకు మూలం పశువుల మేత. కరువొచ్చి కాటమరాజు తన ఆలమందలతో నెల్లూరు సీమకు వస్తాడు. ఇక్కడి పాలకుడు నల్లసిద్ధితో పుల్లరి ఒప్పందం చేసుకుంటాడు. పచ్చిక మేసినందుకు పుట్టిన కోడెదూడలు రాజుకు ఇవ్వాలన్నది మాట. మాట చెడింది, తగవు ముదిరి ఎర్రగడ్డపాటి యుద్ధం దాకా పోయింది. గొల్లలను ఆశ్రయించుకుని బతికే కొమ్ములవారు అనే కథాగాయకులు ఈ కథను తరతరాలుగా చెబుతూ వచ్చారు. తంగిరాల వెంకట సుబ్బారావు ఈ కథలను సేకరించి, పరిష్కరించి 1970లలో అచ్చులోకి తెచ్చారు. అదే యుద్ధం నెల్లూరు వైపు నుంచి ఇంకోలా వినిపిస్తుంది. అక్కడ వీరుడు రాజు వైపు సేనాని ఖడ్గతిక్కన. వెన్నిచ్చి ఇంటికొస్తే తల్లీ భార్యా ఎలా ఎత్తిపొడిచారో, మళ్లీ వెళ్లి ఎలా ప్రాణం విడిచాడో చెప్పే చాటుపద్యాలు ఈనాటికీ నోళ్లలో ఉన్నాయి. ఒకే పోరుకు రాజు వైపు జ్ఞాపకం ఒకటి, మందల వైపు జ్ఞాపకం ఒకటి. రెండూ పక్కపక్కన వినిపించేలా సినిమా తీస్తే ప్రేక్షకుడికి చరిత్ర ఎవరి నోట్లో ఎలా మారుతుందో విడిగా చెప్పాల్సిన పనే ఉండదు.

ఇక్కడే చాలా చిత్రాలు దారి తప్పుతున్నాయి. గాయకుడిని గుడి ముందు కూర్చోబెట్టి పది నిమిషాలు పాడించి, రెండు నిమిషాలు వాడుకుంటారు. ఆ పాట రాత్రంతా సాగే పాట అని, దాన్ని పిలిపించుకునేది, ఖర్చు భరించేది గొల్లల ఇళ్లని తెరమీద కనపడదు. పోషకుడు లేని ఆశ్రిత కళ ఎంతకాలం నిలుస్తుంది? కాబట్టి గాయకుడితో పాటు మందనూ తీయాలి. నెల్లూరు గొర్రె దేశంలో పేరున్న జాతి, పొడుగుకు ప్రసిద్ధి. తెల్లగా ఉంటే పల్ల, తెల్ల ముఖం మీద నల్లమచ్చలుంటే జోడిపి, గోధుమ ఎరుపైతే దోర. పొలం ఖాళీగా ఉన్న రోజుల్లో రైతు మందను చేలో కట్టించుకుంటాడు, ఎరువు దక్కినందుకు కాపరికి ధాన్యమో డబ్బో ఇస్తాడు. పుల్లరి కథలో ఉన్న బేరం ఇదే, కాకపోతే తలకిందులైంది. అప్పుడు మేసినందుకు మందవాడు కట్టాడు, ఇప్పుడు మంద నిలిచినందుకు రైతు కడుతున్నాడు. బీడు తగ్గిపోయి, మేతకు తిరిగే దారులు మూసుకుపోతున్న ఈ రోజుల్లో ఆ బేరం ఎలా నడుస్తోందో ఒక కాపరి నోటి వెంట విన్న తర్వాత కాటమరాజు కథ వింటే అది పాత కథలా అనిపించదు.

ఒంగోలు గిత్త విషయమూ ఇలాంటిదే. బండలాగుడు పోటీల దృశ్యాలు ఎన్నయినా దొరుకుతాయి. ఆ జాతి గుండ్లకమ్మ చుట్టుపక్కల నేలల్లో, ఆ చొప్పా ఆ జొన్నా తిని తయారైందని, బ్రెజిల్‌లో నెలోర్ పేరుతో పెరుగుతున్న కోట్లాది పశువుల మూలం ఇక్కడే ఉందని, 1960ల మొదట్లో అక్కడికి వెళ్లిన ఒక ఆంబోతుకు ఒంగోలు పక్కనున్న కరవది ఊరి పేరే ఉండిపోయిందని చెప్పే చిత్రాలు తక్కువ.

ఉదయగిరి చెక్క సామాను దగ్గరికి వస్తే ఆనుకోవడం ఇంకా స్పష్టంగా కనిపిస్తుంది. కోటను 1514లో శ్రీకృష్ణదేవరాయలు గజపతుల నుంచి గెలుచుకున్నాడు. ఆ తర్వాత నవాబుల పాలన కూడా చూసిందా ఊరు. ఊళ్లో కొన్ని కుటుంబాలు చెక్కతో చెంచాలు, ఫోర్కులు, గరిటెలు, దువ్వెనలు చెక్కుతాయి. ఈ సామానుకు భౌగోళిక గుర్తింపు (జీఐ) కూడా వచ్చింది. నర్ది, దేవదారి, పాలబరికె లాంటి కర్రలు చుట్టుపక్కల కొండల నుంచే రావాలి. చెంచాకు కావలసిన కర్ర బరువు తక్కువగా ఉండాలి, వేడి పులుసులో పెట్టినా పగలకూడదు, ఉలి కింద పొర లేవకూడదు. ఏ కర్రకు ఏ గుణం ఉందో చెక్కేవాళ్ల వేళ్లకు తెలుసు. ముక్కను ముందు బాడిసెతో దొలిచి ఆకారం తెస్తారు, తర్వాత సన్న ఉలితో పిడి మీద నగిషీ తీస్తారు, చివర ఆకురాయితో, గరుకు కాగితంతో నునుపు చేస్తారు. కాలి వేళ్ల మధ్య పిడిని బిగించి పట్టుకుని, రెండు చేతులతో పని చేసే తీరు ఒక్కటి చాలు, క్లోజప్‌లో ఐదు నిమిషాలు కదలకుండా చూపించడానికి. ఆ ఐదు నిమిషాల్లో ఎన్నిసార్లు చెయ్యి ఆగి మళ్లీ చూసుకుంటుందో ప్రేక్షకుడికి కనపడాలి. చాలా వీడియోల్లో ఈ పని నలభై సెకన్లలో, సంగీతం మీద, వేగం పెంచి ముగిసిపోతుంది. అప్పుడు చెంచా ధర ఎందుకంతో ఎవరికీ అర్థం కాదు, బేరం ఆడేవాడు ఆడుతూనే ఉంటాడు.

కర్ర కథ అడవి శాఖ దగ్గరకూ వెళ్తుంది. కొండమీది చెట్టు కొమ్మ కొట్టాలంటే అనుమతి కావాలి. ఆ చెట్లు పలచబడితే పని ఆగిపోతుంది. అడవిని కాపాడటం, పనివాడి పొట్ట నింపడం రెండూ న్యాయమైన విషయాలే. ఈ రెంటి మధ్య నలిగే మనిషిని తీయాలంటే ఎవరినో దొంగగా, ఎవరినో దేవుడిగా నిలబెట్టకుండా ఉండే ఓపిక దర్శకుడికి ఉండాలి.

నేలపట్టు గురించి కొంచెం నెమ్మదిగా చెప్పుకోవాలి, ఎందుకంటే ఇక్కడ ప్రకృతి డాక్యుమెంటరీలు మనిషిని పూర్తిగా తీసేస్తుంటాయి. 1976లో పక్షుల అభయారణ్యంగా ప్రకటించిన ఈ చోటు విస్తీర్ణం 459 హెక్టార్లకు మించదు. చెరువు నీళ్లలో నిలబడిన నీటి కడప చెట్ల మీద గూడబాతులు గూళ్లు కడతాయి. కింద నీళ్లుంటే పిల్లి, నక్క లాంటివి గూటి దాకా రాలేవు. మేత కోసం పెద్ద పక్షులు పులికాట్ మీదికి, చుట్టుపక్కల చెరువుల మీదికి వెళ్లి, గొంతుసంచిలో చేపలు తెచ్చి పిల్లలకు పెడతాయి. పిల్ల తల్లి గొంతులోకి తల దూర్చి తినడం మొదటిసారి చూసినవాళ్లు గాభరా పడతారు. రెట్టలు పడిన చెరువు నీళ్లు పొలాలకు బలం. అందుకే ఊరివాళ్లు ఆ పక్షులను తమ పిల్లల్లా చూసుకుంటూ వచ్చారు. అంటే పులికాట్ చేపలు, నేలపట్టు చెట్లు, ఊరి వరి చేలు ఒకే లెక్కలో ఉన్నాయి. పులికాట్ ముఖద్వారాల్లో ఇసుక మేట వేస్తే సముద్రపు నీరు లోపలికి రాదు, చేప తగ్గుతుంది. రాయదొరువు దగ్గర పూడిక తీయాలని మత్స్యకారులు ఏళ్లుగా అడుగుతున్నది అందుకే. ఆ మాట గూడబాతు కడుపుకూ సంబంధించినదే. దేశంలో చిలికా తర్వాత పెద్ద ఉప్పునీటి సరస్సు గురించి తీసే ఏ చిత్రమైనా వల వేసే మనిషిని ఫ్రేమ్‌లోంచి తప్పిస్తే సగమే చెప్పినట్టు.

షూటింగ్ పెట్టుకునేవాళ్లు ఇక్కడి వానను ముందు అర్థం చేసుకోవాలి. నెల్లూరుకు అసలు వాన ఈశాన్య రుతుపవనాల్లో, అక్టోబర్ నుంచి డిసెంబర్ మధ్య పడుతుంది. చెరువు నిండితేనే పక్షి నిలుస్తుంది. వాన మొహం చాటేసిన ఏడాది గూళ్లు తగ్గుతాయి. 2001 నుంచి సూళ్లూరుపేటలో జరుగుతున్న ఫ్లెమింగో ఫెస్టివల్ సమయానికి వచ్చి రెండు రోజుల్లో తీసుకుపోయేవాళ్లకు జనం, స్టేజీలు, లైట్లు దొరుకుతాయి. గూడు కట్టడం, గుడ్డు పొదగడం, పిల్ల ఎగరడం దొరకాలంటే నెలల తరబడి వస్తూ పోతూ ఉండాలి. రాజహంసలు మేతకే వస్తాయి, ఇక్కడ గూళ్లు కట్టవు. గూడబాతు గూళ్ల దృశ్యాలకు రాజహంసల దృశ్యాలు అతికించి పిల్లలు ఎగిరిపోయాయని చెప్పడం పొరపాటు సమాచారం ఇవ్వడమే. అనుమతుల సంగతి కూడా తేలిక కాదు. అభయారణ్యంలోకి ఫొటోలకు, చిత్రీకరణకు వెళ్లాలంటే 1972 వన్యప్రాణి రక్షణ చట్టం 28వ సెక్షన్ కింద అనుమతి తీసుకోవాలి. 2021 డ్రోన్ నిబంధనలతో గగనతలాన్ని ఆకుపచ్చ, పసుపు, ఎరుపు జోన్లుగా విడదీశారు. శ్రీహరికోట పక్కనే ఉన్న ఈ నీళ్ల మీద డ్రోన్ ఎగరేద్దామనుకునేవాళ్లు ముందు ఆ మ్యాపు చూసుకోవాలి. చట్టం అటుంచితే, గూళ్లున్న చెట్ల పైన డ్రోన్ మోత వినగానే పెద్ద పక్షులు లేచిపోతే ఎండకు గుడ్లు, పిల్లలు పోతాయి. ఏ షాట్ కూడా అంత విలువైనది కాదు.

రొట్టెల పండుగలో ఇంకో రకం జాగ్రత్త కావాలి. మొహర్రం నెలలో నెల్లూరు బారాషహీద్ దర్గా దగ్గర స్వర్ణాల చెరువులోకి దిగి జనం రొట్టెలు మార్చుకుంటారు. కోరిక ఉన్నవాళ్లు రొట్టె తీసుకుంటారు, తీరినవాళ్లు మరుసటి ఏడాది అదే రకం రొట్టె తెచ్చి ఇస్తారు. చదువు రొట్టె, ఆరోగ్య రొట్టె, పెళ్లి రొట్టె, ఇంటి రొట్టె, విదేశీ రొట్టె, సంతాన రొట్టె. హిందువులు, ముస్లింలు అన్న తేడా లేకుండా వస్తారు. 2015లో రాష్ట్ర పండుగగా గుర్తించారు. మతసామరస్యం అన్న ఒక్క మాటతో కామెంటరీ ముగిస్తే పండుగ ఆయువుపట్టు చేజారుతుంది. ఆ నీళ్లలో జరిగేది ఒకరి కొరతను ఇంకొకరి ముందు పైకి చెప్పుకోవడం. సంతాన రొట్టె కోసం కొంగు పట్టిన అమ్మాయి మొహం మీదికి జూమ్ చేసి యూట్యూబ్‌లో పెట్టడమంటే, ఆమె అత్తగారి ఊరంతటికీ ఆమె కష్టాన్ని చాటింపు వేసినట్టే. చేతులు తీయవచ్చు, రొట్టె తీయవచ్చు, నీళ్లు తీయవచ్చు, గొంతు వినిపించవచ్చు. మొహం చూపించాలంటే అడగాలి, తీశాక కూడా మరోసారి అడగాలి. జనం మధ్యలో ఉన్నారు కాబట్టి ఒప్పుకున్నట్టే అన్న వాదన ఇక్కడ చెల్లదు.

యానాదుల విషయంలో ఈ అడగడం అన్నది ఇంకా బరువైనది. నెల్లూరు ప్రాంతంలో సంఖ్యలో పెద్ద గిరిజన సమూహం వాళ్లే. మద్రాసు మ్యూజియం నడిపిన ఎడ్గార్ థర్‌స్టన్ దక్షిణాది కులాలు, తెగల మీద 1909లో ఏడు సంపుటాలు వేశాడు. మనుషుల తలలు, ముక్కులు కొలిచి, ఫొటోలు తీసి రాసిన కాలం అది. 1871లో నేరస్థ తెగల చట్టం వచ్చింది. దాని కింద ముద్ర పడిన సమూహాల కోసం కావలి, కప్పరాళ్లతిప్ప లాంటి చోట్ల సెటిల్‌మెంట్లు వెలిశాయి. ఆ ముద్ర మీద, యానాదుల హక్కుల మీద వెన్నెలకంటి రాఘవయ్య జీవితమంతా పనిచేశారు. తర్వాత శ్రీహరికోటలో రాకెట్ కేంద్రం వచ్చింది. 1971 అక్టోబర్ 9న అక్కడి నుంచి మొదటి రాకెట్ ఎగిరింది. ఆ దీవిలో అడవి మీద బతికిన యానాది కుటుంబాలు అంతకుముందే బయటికి రావాల్సి వచ్చింది. ఇంత చరిత్ర తలమీద ఉన్నవాళ్ల దగ్గరికి కెమెరా పట్టుకెళ్లి, పాము పట్టడం ఒక్కటి తీసుకుని వస్తే థర్‌స్టన్ పనినే రంగుల్లో కొనసాగించినట్టు అవుతుంది. మూలికల జ్ఞానం చూపించేటప్పుడు కూడా ఏ మొక్క, ఎక్కడ, ఎంత మోతాదు అన్న వివరాలు పూర్తిగా బయటపెడితే ఆ మొక్క మరుసటి ఏడాదికి ఆ గుట్ట మీద ఉండకపోవచ్చు. ఎంతవరకు చెప్పాలో తేల్చాల్సింది చెప్పేవాళ్లే.

ఇంక గొంతు సంగతి. మన డాక్యుమెంటరీలకు ఆ గంభీరమైన వ్యాఖ్యాత స్వరం ఎక్కడ అంటుకుందో వెతికితే కేంద్ర ప్రభుత్వ ఫిల్మ్స్ డివిజన్ కనపడుతుంది. 1948లో మొదలైన ఆ సంస్థ తీసిన రీళ్లను సినిమా హాళ్లలో అసలు బొమ్మకు ముందు తప్పనిసరిగా వేసేవారు. బుచ్చిరెడ్డిపాళెంలో పుట్టిన బెజవాడ గోపాలరెడ్డి 1962–63లో కేంద్ర సమాచార ప్రసార శాఖ మంత్రిగా ఉన్నారు కాబట్టి నెల్లూరుకు ఆ చరిత్రతో ఒక చుట్టరికం కూడా ఉంది. ఆ రీళ్లు లేకపోతే దేశంలో ఎన్నో కళలకు దృశ్యమే మిగిలేది కాదు, ఆ మేలు మరవకూడదు. 2022లో ఆ సంస్థ జాతీయ చలనచిత్ర అభివృద్ధి సంస్థ (ఎన్‌ఎఫ్‌డీసీ)లో కలిసిపోయింది. అయినా పైనుంచి వివరించే స్వరం మాత్రం యూట్యూబ్‌లో ఇంకా బతికే ఉంది. "పిలకాయలు నేర్చుకుంటారంటే నేర్పమూ" అని నెల్లూరు యాసలో ఒక పెద్దావిడ అంటుంటే, ఆ మాట మీద పుస్తక భాషలో వేరే గొంతు పరవడం అన్యాయం. అర్థం కాని చోట అడుగున అక్షరాలు వేస్తే సరిపోతుంది.

తోలుబొమ్మలాట తీసేటప్పుడు శబ్దం ఎంత ముఖ్యమో తెలుస్తుంది. ఈ ఆట ఆడే చాలా కుటుంబాల్లో ఇంటి భాష మరాఠీ, తెర మీద తెలుగు. యుద్ధం వస్తే కాలి కింద చెక్కపలకను తొక్కి టకటకమనిపిస్తారు. బొమ్మ తెరకు ఆనితే గీత గీసినట్టు కనపడుతుంది, వెనక్కి లాగితే మసకబారి కలలా కరిగిపోతుంది. ముందు నుంచి తీసేవాళ్లు ఆముదపు దీపమో బల్బో ఉన్న ఆ వెలుతురునే నమ్ముకోవాలి. అదనంగా లైటు వేస్తే రంగులు చచ్చిపోతాయి. తెర వెనక నుంచి తీసేవాళ్లకు ఒకే మనిషి చేత్తో బొమ్మ ఆడిస్తూ, నోటితో పాడుతూ, కాలితో మోగిస్తూ కనపడతాడు. కేతిగాడు, బంగారక్క తిట్టుకునే హాస్యం మొరటుగా ఉందని ఎడిటింగ్‌లో తీసేస్తుంటారు. రాత్రంతా జనాన్ని నిద్రపోకుండా కూర్చోబెట్టింది ఆ హాస్యమే కాబట్టి దాన్ని ఉంచాలి.

నేల మారదన్నట్టు చూపించడం ఇంకో లోపం. చీమకుర్తి దగ్గర తవ్వే నల్ల గెలాక్సీ గ్రానైట్‌లో మెరిసే బంగారు చుక్కలు బ్రాంజైట్ అనే ఖనిజానివి. ఆ రాయి ప్రపంచమంతా వెళ్తోంది, తవ్విన చోట కొండంత గుంటలు మిగులుతున్నాయి. తీరం వెంట రొయ్యల చెరువులు 1990లలో వచ్చిన తీరు, 1996లో సుప్రీంకోర్టు దాకా వెళ్లిన వ్యాజ్యం, ఉప్పుకొఠార్లు, పాడుబడిన బకింగ్‌హామ్ కాలువ, ఇవన్నీ దృశ్యాలే. కంభం చెరువుకు 2020లో అంతర్జాతీయ నీటిపారుదల వారసత్వ గుర్తింపు వచ్చింది. దాన్ని సూర్యాస్తమయంలో తీసేవాళ్లు తూము దగ్గర నీళ్ల కోసం జరిగే మాటలను కూడా రికార్డు చేస్తే బాగుంటుంది.

చివరగా డబ్బు, హక్కు. 1957 కాపీరైట్ చట్టం ప్రకారం ప్రదర్శకుడు అన్న మాటలోకి గాయకుడు, నర్తకుడు మాత్రమే కాదు, గారడీవాడు, పాములవాడు కూడా వస్తారు. ప్రదర్శన మీద వాళ్లకు 50 ఏళ్ల హక్కు ఉంటుంది. 2012 సవరణతో ఇంకో రెండు విషయాలు కలిశాయి. తన ప్రదర్శనకు తన పేరు చెప్పాలని, దాన్ని వక్రీకరించకూడదని అడిగే హక్కు ఒకటి. సినిమాలో వాడుకోవడానికి రాతపూర్వకంగా ఒప్పుకున్నా, వాణిజ్యపరంగా వాడితే రాయల్టీకి అర్హత ఉండటం రెండోది. ఊళ్లలో జరిగే చిత్రీకరణల్లో ఈ చట్టం ఎవరికీ గుర్తు రాదు. ఒక శాలువా, కాసిని డబ్బులు, ఒక సెల్ఫీతో లెక్క సరిపెడతారు. తెలుగులో రాసిన ఒక పేజీ ఒప్పందం, దాన్ని కళాకారుడి ఇంట్లో చదువుకున్నవాళ్ల ముందు గట్టిగా చదివి వినిపించడం, ఒక కాపీ వాళ్ల దగ్గరే ఉంచడం పెద్ద ఖర్చేమీ కాదు. అందులో ఎంత ఇస్తున్నారో, ఎక్కడెక్కడ చూపిస్తారో, వద్దనుకుంటే ఎవరికి చెప్పాలో ఉండాలి.

దానితో పాటు తీసిందంతా తిరిగి ఇవ్వాలి. సినిమా అరగంటే ఉండొచ్చు, దాని కోసం రికార్డు చేసింది గంటల కొద్దీ ఉంటుంది. తేదీ, ఊరు, పాడినవాళ్ల పేర్లు, వాయించినవాళ్ల పేర్లు రాసిపెట్టి, మధ్యలో కోతలు లేని పూర్తి కథను పెన్‌డ్రైవ్‌లో ఆ ఇంటికి చేర్చాలి. కొమ్ములవారి ఇళ్లలో కథ నేర్చుకోవాలనుకునే పిల్లకు పండుగ వీడియో పనికిరాదు. తాత ఏ చోట ఊపిరి తీసుకున్నాడో, ఏ చరణం దగ్గర వంతపాట అందుకున్నారో వినపడే ఆ పూర్తి రికార్డింగే కావాలి.